చాలు అనవలసిన మనిషి

మన్సూరాబాద్‌లో మా గోడవతల ఉండే తమ్ముడు మొన్న ఆదివారం పొద్దున పోయాడు. ప్రార్థనకు బయల్దేరుతుంటే అతని భార్య దవాఖాన నుంచి ఫోన్ చేసింది. "అన్నా, ఇగ లేడు," అంది, అంతే. సంచిలో గ్రంథం ఉంది గానీ, ఆ రోజు చెప్పాల్సిన వాక్యం ఎటో పోయింది.

సహోదరులారా, అతను మన కూడికకు ఎన్నడూ రాలేదు. అయినా అతని గురించి మీకు చెప్పాలి. దిల్‌సుఖ్‌నగర్‌లో దుకాణాలకు బోర్డులు రాసి బతికేవాడు. మనసంతా మాత్రం మరో పని మీద. నలుగురు తిరిగేచోట నిలబడి, మనిషి ఒళ్లు ఎంతవరకు ఓరుస్తుందో చూపేవాడు. మంచుగడ్డ అరచేతుల్లో కరిగిపోయేదాకా కదిలేవాడు కాదు. అతను దాన్ని కళ అనేవాడు, నేను పాపమనేవాణ్ణి. దేవుడు కిరాయికిచ్చిన ఇంటి గోడలు పగలగొడతావా అని గల్లీ మధ్యలో నిలదీశాను.

నవ్వాడు. "పగలగొడ్తలేనన్నా. ఎన్ని గదులున్నయో చూస్తున్న."

అతనిదొక పద్ధతి. మొదలుపెట్టే ముందే ఒక మనిషికి ఆపే హక్కు ఇచ్చేవాడు. ఆ మనిషి భుజం మీద చెయ్యేసి "చాలు" అంటే ఆపాలి. తనంతట తాను ఆపడు. తెలంగాణ ఉద్యమంలో ఎల్బీనగర్ రోడ్డు మీద వంటావార్పు పెట్టిన రోజు ఆ హక్కు నాకిచ్చాడు.

"నేనెందుకురా? నాకు నీ పనే నచ్చదు."

"గందుకే. చప్పట్లు కొట్టేటోడు ఎన్నడూ ఆపడన్నా."

పిల్లలు ప్రాణాలు తీసుకుంటున్న కాలమది. ఆ వార్తలు విని అతను అన్నం ముట్టేవాడు కాదు. "చచ్చుడు గాదు, బతికుండి ఎంత మోయొచ్చో చూపిస్త," అన్నాడు.

చేతులు ముందుకు చాచి పెద్ద గిన్నె పట్టుకున్నాడు. వచ్చినవాళ్లు తలా పిడికెడు బియ్యం పోయాలి. ఆ బియ్యమే అక్కడ వండాలి. గిన్నె నిండేకొద్దీ చేతులు వణికాయి. యుద్ధం సాగుతుంటే కొండ మీద చేతులెత్తి నిలిచిన పెద్దాయన గ్రంథంలో ఉన్నాడు. ఆయన చేతులు బరువెక్కితే ఇద్దరు అటూ ఇటూ పట్టుకున్నారు. నేనూ పట్టబోయాను.

"పట్టొద్దన్నా," అన్నాడు పళ్ల సందుల్లోంచి. "నీ పని అది గాదు."

అంతలో ఎవరో కేకేశారు: "జర ఆగుండ్రి, టీవీవోళ్లొస్తున్నరు."

జనం జై కొట్టారు. అతని వేళ్లు తెల్లబడ్డాయి. తెల్లారితే కుంచె పట్టాల్సిన వేళ్లు. భుజం మీద చెయ్యేసి "చాలు" అన్నాను.

"ఏం పాస్టర్ సాబ్, గింత పిరికోనివా?" అని ఒకడు ఎగతాళి చేశాడు.

అతను అప్పటికే గిన్నెను ఒక్క గింజ ఒలకకుండా దించాడు. అన్నం ఉడికాక మొదటి ముద్ద నా చేతిలో పెట్టాడు. "ఒంటికి హద్దుంటదన్నా. గా హద్దు కాడ ఒక మనిషుండాలె."

మొన్న శనివారం దవాఖానకు పోయాను. బతికించమని దేవుణ్ణి అడగాలనే పోయాను. అప్పటికే అతనికి మాట పడిపోయింది. రెండు చేతులూ దుప్పటి మీంచి కాస్త లేచి, గాలిలో ఆగి వణుకుతున్నాయి. భార్య ఒక చేతి కింద తన చెయ్యి ఆనించి ఉంది. రెండోదాన్ని పట్టబోయి ఆగిపోయాను. ఆమెకూ అతని పద్ధతి తెలుసు. నా వైపు చూసి, మెల్లగా తన చెయ్యి తీసేసుకుంది.

భుజం మీద చెయ్యేశాను.

"చాలు, తమ్మీ."

ఆ చేతులు నెమ్మదిగా దిగాయి, వాటి మధ్య నిండు గిన్నె ఉన్నట్టు, ఒక్క గింజా ఒలకకుండా.