అనసూయమ్మ ఒప్పుకోని డ్రా

పోయిన ఆదివారం ఖమ్మంలో ఒక చదరంగం పోటీలో ఆడటానికి కూర్చున్నాను. ఎదురుగా పదేళ్ళ పాప. ఆట మొదలయ్యే ముందు వాళ్ళమ్మ వచ్చి పాప చేతులకు శానిటైజర్ రాసి వెళ్ళింది. ఆ వాసన తగలగానే నా మనసు ఆ హాలు వదిలి మణుగూరు పోయింది. అక్కడ బొగ్గు గనుల దవాఖానాలో, కట్లు కట్టే గదిలో, స్పిరిట్ దూదితో ఒక్కో పావునూ తుడిచి పెట్టెలో సర్దే అనసూయమ్మ కనిపించింది.

ఆమె ఆ దవాఖానాలో నర్సు. ఊరంతా సిస్టరమ్మ అనేవాళ్ళు. మా నాయన గనిలో డంపర్ నడిపేవాడు. నాకు పదకొండేళ్ళప్పుడు సైకిల్ మీది నుంచి పడి చెయ్యి విరగ్గొట్టుకున్నాను. వారానికోసారి చూపించుకోవడానికి వెళ్తే డాక్టరు వచ్చేదాకా కూర్చోవాలి. కుదురుగా కూర్చోలేని నన్ను చూసి ఆమె బల్ల మీద చదరంగం పరిచింది. విరిగింది ఎడమ చెయ్యి కాబట్టి ఆటకు అడ్డం రాలేదు. కట్టు విప్పాక కూడా, ఆమె డ్యూటీ దిగే వేళకు రోజూ వెళ్ళేదాన్ని.

"మంత్రిని అక్కడెందుకు పెట్టావు?" అని అడిగింది ఒకరోజు.

"ఊరికెనే సిస్టరమ్మా."

"ఊరికే అయితే ఇంట్లోనే కూర్చోబెట్టు. తిరగడానికి పంపిస్తే పనుండాలి." ఆమెది మధిర వైపు. మాటలో ఆ మెత్తదనం ఉండేది, ఆటలో ఉండేది కాదు.

ఆమె దగ్గర ఒక లావుపాటి నోటుపుస్తకం ఉండేది. పేపర్లలో వచ్చిన పెద్ద పెద్ద ఆటగాళ్ళ వార్తలు కత్తిరించి అందులో అతికించేది. ఎవరు ఏ వయసులో ఏ టైటిల్ గెలిచారో, ఎవరు ఓడిపోయి పదేళ్ళ తర్వాత మళ్ళీ లేచారో, పక్కింటివాళ్ళ సంగతులు చెప్పినంత చనువుగా చెప్పేది. ఒక పేజీలో మాత్రం రెండు వేళ్ళంత చిన్న ముక్క ఉండేది. రాష్ట్ర మహిళల పోటీలో మూడో స్థానం, పెళ్ళికి ముందరి ఇంటిపేరుతో ఆమె పేరు. అది రాగానే పేజీ తిప్పేసేది. ఇరవై మూడేళ్ళకు పెళ్ళి, తర్వాత ఉద్యోగం, పిల్లలు. ఆట అక్కడ ఆగిపోయింది. నాకు నేర్పడం మొదలుపెట్టాక, నాతోపాటు తనూ ఖమ్మం, కొత్తగూడెం పోటీలకు పేరు ఇవ్వసాగింది. నాకు తోడుగా వస్తోందనుకున్నాను.

నాకు పదిహేడేళ్ళప్పుడు ఖమ్మంలో రాష్ట్ర మహిళల ఎంపిక పోటీలు జరిగాయి. మొదటి నలుగురు జాతీయ పోటీలకు వెళ్తారు. పొద్దున్నే మణుగూరులో బస్సెక్కి ఇద్దరం కలిసి వచ్చాం. మూడు రోజులు ఒకే లాడ్జి గదిలో ఉన్నాం. ఆమె చేసి తెచ్చిన పులిహోర ఒకే డబ్బాలోంచి తిన్నాం. చివరి రౌండుకు ఎవరు ఎవరితో ఆడాలో గోడ మీద కాగితం అంటించారు. నా పేరు ఎదురుగా ఆమె పేరు. నాకు డ్రా వచ్చినా చాలు, నాలుగో స్థానం నాదే. ఆమెకు మాత్రం గెలుపే కావాలి.

నిజం చెప్పాలంటే, నాకు భయం పోయి ధైర్యం వచ్చింది. సిస్టరమ్మే గదా అనుకున్నాను. పక్కనున్న అమ్మాయి కూడా, "ఇంకేంది, మీ మేడమే గదా, నువ్వు జాతీయ పోటీలకు పోయినట్టే" అంది.

పదో ఎత్తు వేసి, నవ్వుతూ డ్రా అడిగాను. ఆమె బోర్డు మీది నుంచి తలెత్తి నన్ను చూసింది. కోపం లేదు, ప్రేమ కూడా లేదు. "వద్దు, ఆడుదాం" అంది.

నాలుగున్నర గంటలు ఆడాం. చివరికి ఒక్కో ఏనుగు, కొన్ని బంట్లు మిగిలాయి. ఆమెకు ఒక బంటు ఎక్కువ. నా ఏనుగును వెనకకు లాగి కాపలా పెట్టాను. అలా పెట్టొద్దని ఆమే వందసార్లు చెప్పింది. ఓడిపోయాను. చెయ్యి కలపకుండానే లేచి వచ్చేశాను.

తిరుగు బస్సులో ఆమె ముందు కూర్చుంది, నేను వెనక సీట్లో. ఇంట్లో ఏడుస్తుంటే నాయన చాలాసేపు విని, "ఆమె గూడ ఆడనీకే పోయింది గద బిడ్డా" అన్నాడు. ఆ మాటకు ఇంకా ఎక్కువ కోపం వచ్చింది. దవాఖానా వైపు వెళ్ళడం మానేశాను.

ఆమె నలభై అయిదేళ్ళ వయసులో, జీతం లేని సెలవు పెట్టి జాతీయ పోటీలకు వెళ్ళింది. సగానికి పైగా ఆటలు ఓడింది. కానీ తన వయసులో సగం కూడా లేని ఒక టైటిల్ ఉన్న అమ్మాయిని ఓడించింది. అది పేపర్లో వస్తే నాయన తెచ్చి నా ముందు పెట్టాడు. చదివి పక్కన పడేశాను. పారెయ్యలేదు.

ఆ పోటీల నుంచి తిరిగి వచ్చిన వారానికే ఆమె మా ఇంటికొచ్చింది. చంకలో చదరంగం పెట్టె.

"మన ఆట చూద్దామా? నువ్వు డ్రా చేసుకోగలిగేదానివి. ఇదిగో, ఇక్కడ" అంటూ పావులు పేర్చింది. ఏనుగును ముందుకు తీసి నా రాజుకు దారి చూపించింది. నిజంగానే డ్రా.

ఉండబట్టలేక అడిగాను. "నామీద జాలి రాలేదా సిస్టరమ్మా?"

"వచ్చింది. డ్రా అడిగినప్పుడు చాలా వచ్చింది" అంది. చేతిలోని పావును పెట్టెలో పెట్టింది. "కానీ ఇలాంటి అవకాశం కోసం ఇరవై రెండేళ్ళు ఆగానమ్మా. ఇంకోసారి ఆగడం నా వల్ల కాలేదు. తర్వాత ఆట బాగా కుదిరింది. ఎదురుగా ఉన్నది నువ్వని మర్చేపోయాను."

అప్పుడు నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. ఆమె నాకు నేర్పింది ఆట ఒక్కటే అనుకున్నాను అన్నేళ్ళు. తన కోసం తాను ఏదైనా గట్టిగా కోరుకునే ఆడమనిషిని నేను మొదటిసారి దగ్గరగా చూసింది ఆ రోజే. మరుసటి ఏడు ఆమెను ఓడించి జాతీయ పోటీలకు నేను వెళ్ళాను. ఈసారి ఆమే ముందుగా చెయ్యి చాపింది. ఆ తర్వాత నాకూ ఒక టైటిల్ వచ్చింది, ఉద్యోగం వచ్చింది, పెళ్ళయింది, బాబు పుట్టాడు. ఖమ్మంలో పిల్లలకు చదరంగం నేర్పడం మొదలుపెట్టాను.

రెండేళ్ళ కిందట మధిర వెళ్ళి ఆమెను చూశాను. రిటైరై కూతురి దగ్గర ఉంటోంది. బాగా చిక్కిపోయింది. నా చెయ్యి పట్టుకుని, "ఆడుతున్నావా?" అని అడిగింది.

"నలభై మంది పిల్లలు సిస్టరమ్మా. మంచిగ నేర్పిస్తున్న."

"అది అడగలేదు. ఆడుతున్నావా?"

అప్పటికి ఎనిమిదేళ్ళుగా ఒక్క పోటీలోనూ కూర్చోలేదు. ఆ చలికాలమే ఆమె పోయింది.

ఇప్పుడు నెలకొక పోటీకి పేరు ఇస్తున్నాను. ఒక్కోసారి నా దగ్గర నేర్చుకునే పిల్లలే ఎదురవుతారు. "మీరు ఆడితే మా పిల్లకు ప్రైజెట్ల వస్తది మేడం?" అని తల్లిదండ్రులు నిష్ఠూరమాడతారు. నవ్వుతాను. ఆ పిల్లలు డ్రా అడిగితే, బోర్డు మీద గెలిచే దారి కనిపిస్తున్నంతసేపూ, వద్దు ఆడుదాం అంటాను.