సర్ హ్యూ కట్టిన ఇంటికి తూర్పు గుమ్మం

జ్ఞానప్రసూన హైదరాబాదులో ఆర్కిటెక్చర్ చదివిన ఐదేళ్లూ ఆమె హాస్టల్ గది గోడ మీద సర్ హ్యూ ఎల్లర్‌బీ కట్టిన ఇళ్ల జిరాక్సు కాపీలు అతికించి ఉండేవి. ఆయన ఇంగ్లండు పల్లెల్లో ప్రభువులకీ, ఆ ప్రభువుల దగ్గర ఎస్టేట్లు కొనుక్కున్న వ్యాపారస్తులకీ పెద్ద పెద్ద ఇళ్లు కట్టి పేరు తెచ్చుకున్న మనిషి. నిన్న కట్టిన ఇల్లు కూడా రెండొందల ఏళ్ల నాటిదనిపించేలా కడతాడు. నడుమ గుమ్మం, దానికి రెండు వైపులా లెక్క తప్పకుండా కిటికీలు, లోపల అడుగు పెట్టగానే గోపురం కింద పెద్ద మెట్లు. "ఇళ్లంటే ఇవే," అనేది ప్రసూన రూమ్‌మేట్లతో. వాళ్లు ఆ గోడకే ఆనించి చున్నీలు ఆరేసుకునేవాళ్లు.

2001లో పెళ్లయింది. భర్త రాకేష్ వెంట వర్జీనియాలోని ఆష్‌బర్న్‌కి వచ్చింది. డిపెండెంట్ వీసా కాబట్టి ఉద్యోగం చేయకూడదు. అప్పట్లో ఆష్‌బర్న్‌లో మొక్కజొన్న చేలన్నీ గోడకి గోడ ఆనించి కట్టే టౌన్‌హౌస్‌లుగా మారుతున్నాయి. ఏమీ కట్టకూడని ఆర్కిటెక్టు రోజూ సాయంత్రం నడకకి వెళ్లి, ఊరంతా కడుతుంటే చూసి వచ్చేది.

"అంతా చెక్కే రాకేష్. పైన ఇటుక రంగు పలక ఒకటి అతికిస్తారు, అంతే."

"మనం ఉంటున్నది అందులోనే కదా," అనేవాడు రాకేష్, గోడ మీద చెయ్యి వేసి చూస్తూ.

తర్వాత మాస్టర్స్ చేసింది, ఉద్యోగం చేయనిచ్చే H-1B వీసా తెచ్చుకుంది. దగ్గర్లోని ఒక చిన్న ఆఫీసులో చేరి, లైసెన్సు పరీక్షలు రాసింది. అక్కడ ఆమె చేతికి వచ్చిన పనల్లా స్ట్రిప్ మాల్స్ అనే రోడ్డు పక్క దుకాణాల వరసల్లో, గోళ్లకి రంగులేసే నెయిల్ సెలూన్లకి బాత్రూములు గీయడం. అలా ఉండగా 2006లో జగన్మోహన్ గారు ఆ ఆఫీసుకి వచ్చారు.

జగన్మోహన్ గారిది కంప్యూటర్ సర్వర్లు పెట్టే డేటా సెంటర్లలో కేబుళ్లు వేసే కంపెనీ. బాగా కలిసొచ్చింది. ఆష్‌బర్న్ ఉన్న లూడన్ కౌంటీకే పడమటి భాగంలో, గుర్రాలు పెంచుకునే ధనవంతుల మధ్య, కొండలు కనిపించే చోట నేల కొన్నారు. పక్క ఎస్టేటాయన ఇంటి గోడ మీద సర్ హ్యూ సంతకం ఉందని విని, తన ఇల్లు కూడా ఆయనే గీయాలని పట్టుబట్టి లండన్ నుంచి ఒప్పించారు. అయితే ఇంగ్లండు ఆయన గీసినా వర్జీనియాలో ఆ ప్లాన్ల మీద ముద్ర వేయడానికి ఇక్కడి లైసెన్సున్న ఆర్కిటెక్టు కావాలి. "తెలుగమ్మాయి ఉందన్నారు, ఆమెను ఇవ్వండి," అన్నారు.

ప్రసూనకి ఆ వారం నిద్ర పట్టలేదు. గోడ మీది ఇళ్లు గీసిన మనిషి కాన్ఫరెన్స్ రూములోకి వచ్చి ఎదురుగా కూర్చుని టీ అడిగాడు. పొడుగ్గా, వంగిన భుజాలతో, మోచేతుల దగ్గర తోలు ముక్కలు కుట్టిన కోటుతో అచ్చం అనుకున్నట్టే ఉన్నాడు. బల్ల మీద పరిచిన ప్లాను కూడా అనుకున్నట్టే ఉంది. దక్షిణం వైపు సరిగ్గా నడుమ గుమ్మం, ఇంటి మధ్యన గోపురం, దాని కింద మెట్లు.

ఆ ప్లాను జగన్మోహన్ గారి తల్లి ధనమ్మగారు చూశారు. ఆవిడ దాన్ని మిషిగన్‌లో ఫార్మింగ్టన్ హిల్స్‌లో ఉండే వీరభద్రం గారికి పంపించారు. వీరభద్రం గారు వారమంతా కార్ల కంపెనీలో సీట్లు డిజైన్ చేస్తారు, శని ఆదివారాలు వాస్తు చూస్తారు. సోమవారం జగన్మోహన్ గారు ప్రసూనకి ఫోన్ చేశారు.

"ప్రసూన గారూ, చిన్న మార్పులు. గుమ్మం తూర్పుకి రావాలట, అదీ నడిమధ్యన కాకుండా ఈశాన్యం వైపుకి జరగాలట. మధ్యలో మెట్లు ఉండకూడదట, బ్రహ్మస్థానం ఖాళీగా వదలాలి. వంటిల్లు ఆగ్నేయం."

"అంటే ప్లాను మొత్తం మార్చాలండీ."

"అదే చెబుతున్నా. ఇంకో మాట. సర్ హ్యూ ముందు వాస్తు అని మాత్రం అనకండి. పక్క ఎస్టేటాయనకి తెలిస్తే బాగుండదు. మీరు ఆర్కిటెక్టు కదా, ఏదో ఒక కారణం చెప్పండి."

తర్వాతి మీటింగులో బల్లకి ఒక పక్క సర్ హ్యూ, ఇంకో పక్క ధనమ్మగారు, ఆవిడ ముందు ఫోన్ స్పీకర్‌లో వీరభద్రం గారు. మధ్యలో అటు మాట ఇటు తర్జుమా చేస్తూ ప్రసూన.

"ఏమంటున్నారు పెద్దావిడ?" అన్నాడు సర్ హ్యూ.

"గుమ్మం తూర్పుకి మారిస్తే బాగుంటుందంటున్నారు. రోడ్డు అటే ఉంది కదా, అతిథుల్ని ఇల్లంతా చుట్టి తీసుకురావడం ఎందుకని."

"సరే. మరి నడుమ కాకుండా పక్కకి ఎందుకు?"

ప్రసూన నోటికొచ్చింది చెప్పేసింది. "నడుమ గుమ్మం ఉంటే తలుపు తీయగానే ఇల్లంతా ఒక్కసారే కనిపించేస్తుంది. పక్కగా వస్తే ఇల్లు మెల్లమెల్లగా తెలుస్తుంది."

సర్ హ్యూ పెన్సిల్ తిప్పుతూ కూర్చున్నాడు.

"ఏమంటున్నాడమ్మాయ్?" అన్నారు ధనమ్మగారు.

"ఆలోచిస్తున్నారు ఆంటీ. తూర్పు గుమ్మం మంచిదేనంటున్నారు."

"ఇంగ్లీషు వాళ్లయినా పెద్దవాళ్లకి తెలుస్తుంది," అన్నారు ఆవిడ. స్పీకర్‌లోంచి వీరభద్రం గారు కూడా అవునన్నారు.

మెట్ల దగ్గర గొడవ అవుతుందనుకుంది ప్రసూన. ఆ మెట్లు సర్ హ్యూ కట్టిన ప్రతి ఇంట్లోనూ ఉంటాయి. ఆమె గోడ మీద అతికించుకున్నవన్నీ ఆ మెట్లే. తనకిష్టమైనదాన్ని తన నోటితోనే తీసేయమని చెప్పాల్సి వచ్చింది. "మధ్యలో మెట్లు ఉంటే వచ్చినవాళ్లంతా పైకి వెళ్లే తొందరలో ఉంటారు. ఆ చోటు ఖాళీగా, ఆకాశం కనిపించేలా వదిలేస్తే అక్కడ కాసేపు నిలబడతారు," అంది. సర్ హ్యూ గోపురం మీద, దాని కింది మెట్ల మీద మెత్తగా ఒక గీత కొట్టాడు.

అది మొదలు. వంటిల్లు ఆగ్నేయానికి వెళ్లడానికి గాలివాటం కారణమైంది. యజమాని పడకగది నైరుతికి వెళ్లడానికి కొండల మీద సాయంత్రపు వెలుగు కారణమైంది. పూజగదిని ప్లానులో 'పొద్దుటి గది' అని రాశారు. ప్రతి మార్పుకీ ప్రసూన ఒక అబద్ధం తయారు చేసేది. గీసి చూస్తే అది నిజమయ్యేది. అదే ఆమెను ఎక్కువ ఇబ్బంది పెట్టింది.

2009లో గృహప్రవేశమైంది. మధ్యలో ఖాళీ వాకిలి, చుట్టూ వసారా. రాజమండ్రిలో ప్రసూన మేనత్త ఉన్న మండువా ఇల్లు ఇంచుమించు ఇలాగే ఉండేది, కాకపోతే ఆ మండువాలో ఒడియాలు ఆరబెట్టేవాళ్లు. ఇక్కడ సర్ హ్యూ ఏదీ ఆరబెట్టడానికి వీల్లేని ఇటాలియన్ రాయి వేయించాడు. ధనమ్మగారికి ఇల్లు నచ్చింది గానీ అందులో కూర్చుంటే పలకరించడానికి ఎవరూ కనిపించరు. ఆవిడ గ్యారేజీ షట్టర్ ఎత్తించి, అక్కడ కుర్చీ వేసుకుని, పాకేజీలు తెచ్చే కుర్రాళ్లతో తెలుగులో మాట్లాడుతూ కూర్చునేవారు.

రెండేళ్లకి ఒక పెద్ద పత్రిక ఆ ఇంటి గురించి పది పేజీలు వేసింది. జీవితమంతా కొలత తప్పకుండా కట్టిన మహాశిల్పి డెబ్బయ్యో పడిలో ధైర్యంగా గుమ్మాన్ని పక్కకి జరిపాడనీ, మెట్లను త్యజించి శూన్యాన్ని ఆశ్రయించాడనీ రాసింది. వాషింగ్టన్‌లో సర్ హ్యూ ఉపన్యాసం పెట్టారు. ప్రసూన సెలవు పెట్టి వెళ్లి నాలుగో వరసలో కూర్చుంది.

"ఒక మంచు పొద్దున ఆ కొండ ఎక్కుతుంటే తట్టింది నాకు," అన్నాడు సర్ హ్యూ. "ఇల్లు మెల్లమెల్లగా తెలియాలి. మధ్యలో మనిషి నిలబడాలి." హాలంతా చప్పట్లు. ప్రసూన కూడా కొట్టింది. ఆయన ఆ కొండ ఎక్కిన రోజు ఆమె పక్కనే ఉంది. చలికి కారు దిగలేదాయన.

తర్వాత కాఫీ దగ్గర కలిస్తే ఆమె చెయ్యి పట్టుకుని, "నువ్వు లేకపోతే ఆ ఇల్లు లేదు," అన్నాడు. ఆమె కాఫీ కప్పు పక్కన పెట్టేసింది. "కౌంటీ పర్మిట్లు నా వల్ల అయ్యేవి కావు," అని పూర్తి చేశాడు. మనస్ఫూర్తిగానే అన్నాడు. కోపం తెచ్చుకోవడానికి కూడా ఆమెకి దారి దొరకలేదు. ఎందుకంటే వాస్తు మాట అప్పటికీ ఆయనకి చెప్పలేదు, తర్వాతా చెప్పలేదు.

రాకేష్‌కి కారులో చెప్పింది.

"మరి అసలు క్రెడిట్ ఎవరిది? నీదా, వీరభద్రం గారిదా?" అన్నాడతను.

"అదే తెలియట్లేదు," అంది ప్రసూన.

పత్రికలో చివర చిన్న అక్షరాల్లో వేసిన ఆమె పేరు చూసి క్లయింట్లు వచ్చారు. అమెరికన్లు మధ్యన ఖాళీ వాకిలి కావాలనేవాళ్లు. తెలుగువాళ్లు మాత్రం సర్ హ్యూ పాత ఇళ్ల ఫోటోలు పట్టుకొచ్చి, "మేడమ్, లోపలికి రాగానే ఇలా గ్రాండ్‌గా మెట్లు ఉండాలి. వాస్తు కొంచెం అడ్జస్ట్ చేద్దాం," అనేవాళ్లు. ఆమె సొంత ఆఫీసు పెట్టి ఇద్దరి ముచ్చటా తీర్చింది. పిల్లల స్కూలు దగ్గరని తను మాత్రం ఆ చెక్క టౌన్‌హౌస్‌లోనే ఉండిపోయింది.

2014 నాటికి ఆష్‌బర్న్‌లో మొక్కజొన్నా లేదు, టౌన్‌హౌస్‌లకి చోటూ లేదు. ఎటు చూసినా డేటా సెంటర్లు, కిటికీల్లేని బూడిదరంగు పెట్టెలు. ఇళ్లవాళ్లు గోల పెట్టేసరికి, రోడ్డు వైపు గోడలైనా కంటికి ఇంపుగా ఉండాలన్న మాట వచ్చింది. ఒక డేటా సెంటర్ కంపెనీ వాళ్లు ఆ గోడలు గీయమని వెతుక్కుంటూ ప్రసూన దగ్గరకే వచ్చారు.

జీవితంలో మొదటిసారి ఎవరూ ఏదీ జరపమనలేదు. ఎర్ర ఇటుక, తెల్ల రాతి అంచులు, వరసగా పొడవాటి కిటికీలు. కిటికీల వెనక అద్దం, అద్దం వెనక నల్ల రేకు, దాని వెనక కాంక్రీటు. నడుమ ఒక గొప్ప ద్వారం, అది తెరుచుకోదు. హాస్టల్ గది గోడ మీద చూసుకున్న ఇంగ్లండు ఇల్లు అంత పెద్దదిగా, అంత కచ్చితంగా ఏ మనిషికీ కట్టలేదామె. లోపల ఉండేవి సర్వర్లు మాత్రమే.

2015 వేసవిలో కంపెనీ సెక్యూరిటీ మేనేజర్ ఫోన్ చేశాడు. ఆదివారాలు జనం కార్లాపి, పిల్లల్ని దింపి, కొనేవాళ్లకి ఇల్లు చూపించే ఓపెన్ హౌస్ ఎప్పుడని అడుగుతున్నారట. ఒకావిడ ద్వారం ముందు పూలకుండీ పెట్టి ఫోటో కూడా దిగిందట.

"దీనికేమైనా చేయగలరా?" అన్నాడు.

ప్రసూన ఆలోచించి, ఇటుక రంగుకి సరిపోయే రాగి పలక ఒకటి గీసి పంపింది. వారంలో గేటుకి బిగించారు. 'ఇక్కడ ఎవరూ నివసించడం లేదు' అని అందమైన అక్షరాలతో.