మర్నాటి విదియ

1999 నవంబరు 9, మంగళవారం. కార్తీక శుద్ధ విదియ. పొద్దెక్కాక వచ్చి మర్నాడు మధ్యాహ్నం దాకా ఉంది. రామచంద్రపురంలో మా చెల్లెలి ఇల్లు. ఉన్నవారు: నేను, మా తమ్ముడు, చెల్లెలు, బావగారు.

ఆనాటి డైరీలో ఇంతే ఉంది. మిగతాది అప్పుడు రాయబుద్ధి కాలేదు.

విదియనాడు అక్కచెల్లెళ్ళ చేతి అన్నం తిన్న మగవాడికి యమభయం ఉండదని మావైపు నమ్మకం. తమ్ముడు సైన్యంలో చేరాక ఒక్క విదియకూ ఇక్కడ లేడు. ఏటా నేను భోజనానికి కూర్చుంటే చెల్లెలు నా పక్కన ఇంకో ఆకు వేసి వాడి పేరున వడ్డించేది. తరవాత ఆ అన్నం ఆవుకు పెట్టేది. ఆ ఏడు వేసవిలో వాడు కొండల్లో యుద్ధం చూశాడు. సర్వీసు ముగిసి ఇంటికి వచ్చేశాడు. అయినా మాకు మాత్రం వాడు ఇంకా రావలసినట్టే ఉండేది. గోడకు వీపు ఆనించి, గుమ్మం కనిపించేలా తప్ప కూర్చునేవాడు కాదు. రెండుసార్లు పిలిస్తే గాని పలికేవాడు కాదు.

ఆ రోజు చెల్లెలు వాడికిష్టమని కందబచ్చలి కూర ఆవ పెట్టి వండింది. రెండు ఆకులు వేసింది. వాడు వరండాలోంచి లేవలేదు.

"ఆకలి లేదక్కా."

"ఏమోయ్ బావమరిదీ, మీ అక్క వంటంటే భయమా? పెళ్ళయిన దగ్గర్నుంచీ తింటున్నాను, బతికే ఉన్నాగా!" అన్నారు బావగారు.

వాడు నవ్వలేదు. చెల్లెలు వెళ్ళి ఎదురుగా కూర్చుంది.

"ఇన్నేళ్ళూ ఖాళీ పీట ముందు వడ్డించాన్రా. ఇంట్లో ఉండి కూడా ఆవుకే పెట్టమంటావా?"

వాడు వీధివైపు చూస్తూ అన్నాడు.

"ఉత్తరాదివాళ్ళకీ ఉందక్కా ఈ పండగ. పటాలంలో నా పక్కన ఉండేవాడు పోయినేడు సెలవు పెట్టి మరీ వెళ్ళి, వాళ్ళక్క చేత్తో తినొచ్చాడు. ఇక నాకేం కాదురా అని అందరికీ చెప్పేవాడు. నేను తినలేదు. వాడు పోయాడు, నేనున్నాను. వాళ్ళక్క ఈవేళ ఏం చేస్తుంటుందంటావు?"

చెల్లెలు లేచింది. లోపలికి వెళ్ళి కూర మీద మూత పెట్టింది. నేను ఒక్కణ్ణే తిన్నాను. రెండో ఆకులో ఆమె వడ్డించలేదు. ఎన్నో ఏళ్ళలో అలా జరగడం అదే మొదలు.

మర్నాడు పొద్దున్నే మేం కాఫీ తాగుతుంటే వాడు వంటింటి గుమ్మంలో నిలబడ్డాడు.

"చద్దన్నం ఉందా అక్కా?"

"ఉందిరా."

"అయితే పెట్టు. నిన్నటితో పండగైపోయిందిగా."

బావగారు గోడ మీది క్యాలెండరు వైపు చూశారు. "అదేంటోయ్, విదియ ఇవాళ మధ్యాహ్నం దాకా..."

"మీ కాఫీ చల్లారిపోతోందండీ," అంది చెల్లెలు.

ఆయన గ్లాసు ఎత్తుకున్నారు. నేనూ తల వంచుకుని తాగాను. తమ్ముడు గోడకు ఆనుకుని కూర్చున్నాడు. చెల్లెలు చద్దన్నంలో పెరుగు కలిపి, ఓ పక్కన నిన్నటి కందబచ్చలి వేసింది. కంచం చేతికివ్వకుండా తానే ముద్దలు చేసి వాడి అరచేతిలో పెట్టసాగింది, చిన్నప్పుడు పెట్టినట్టు.

"ఆవ ఊరి నిన్నటికన్నా బాగుంటుందిరా ఈవేళ."

"అవునక్కా," అని వాడు మళ్ళీ చెయ్యి చాపాడు.