కోణమానిని చేదు

నా కూతురు కోణమానిని పళ్ళతో పట్టుకుని గీతలు గీస్తోంది.

చోడవరంలో ఆరో తరగతి చదివేటప్పుడు నేనూ అంతే. కోణాలు కొలిచేది కోణమానిని అని మాస్టారు చెప్పేరు గానీ, అదెందుకు చేదుగా ఉంటుందో చెప్పలేదు. ప్లాస్టిక్ రుచే అంతనుకున్నాను.

ఓ పొద్దున్న పెరట్లో, రావికమతం నుంచి వచ్చి మా ఇంట్లో ఉంటున్న తాతయ్య వేపపుల్ల పారేసి, నా కోణమానినితో నాలిక గీసుకుంటున్నాడు. దాన్నిండా పచ్చటి నురగ.

"తాతా, అది నాది!"

"ఏటే గుంటా, అరుస్తన్నావు? రోజూ కడిగే పెడతన్నాను కదా!"

రోజూ! యాక్!

"తియ్యవే నోట్లోంచి!" అని ఇప్పుడు అరిచేను.

"కడిగేను కదమ్మా," అంది నా కూతురు.

ఆ మాట ఎవరు చెప్పినా నేను నమ్మను.