ఓనరమ్మ వేసిన బెల్టు

మిర్యాలగూడలో మేము పై అంతస్తులో కిరాయికున్న ఇంటి ఓనరమ్మ పోయిన వారం చనిపోయింది. ఆ వీధిలో ఉండే స్నేహితురాలు ఫోన్ చేసి, "ఆంటీ పోయిందే. నిద్రలనే పోయింది" అన్నది. మేము సూర్యాపేటకు మారి చాలా కాలమైంది. అయినా ఆ మాట వినగానే నాకు ముందు గుర్తొచ్చింది ఆమె గొంతే.

ఆమె మెల్లగా మాట్లాడగా నేనెన్నడూ వినలేదు. నీళ్ల మోటారు ఆపడం మరిచిపోతే అరిచేది. గేటుకు గొళ్లెం పెట్టకపోతే అరిచేది. పండుగనాడు గిన్నెలో పాయసం తెచ్చి, "తలుపు తీయనీకి ఇంత సేపా!" అని అరిచి, ఇచ్చి పోయేది. ఆమె మెట్లెక్కే చప్పుడు వింటే కొత్తల్లో నేను మోటారు ఆపానా లేదా అని గబగబా చూసుకునేదాన్ని.

మా వీధికి రైస్ మిల్లులు దగ్గర. కోతలప్పుడు ఊక బూడిద గాలికొచ్చి డాబా మీద, కిటికీల్లో నల్లగా పేరుకునేది. మా పాపకు ఆయాసం. ఒక ఏడు అది ఎక్కువై సూర్యాపేట దవాఖానలో చేర్చాం. ఇంటికి పంపేముందు డాక్టరు గట్టిగా చెప్పాడు: పరుపుల్లో, సోఫాలో దుమ్ము ఉండకూడదు, చీపురు అసలే వద్దు. మా ఆయన పాప దగ్గర ఉన్నాడు. ఇల్లు శుభ్రం చేయడానికి నేను పొద్దున్నే బస్సెక్కి ముందుగా వచ్చాను.

నేల తడిగుడ్డతో తుడిచి, పరుపు మీద వ్యాక్యూమ్ క్లీనర్ పెట్టాను. కాసేపటికి టప్పుమని చప్పుడు, కాలిన రబ్బరు వాసన. మోటారు తిరుగుతూనే ఉంది, అడుగునున్న బ్రష్ ఆగిపోయింది. దాన్ని తిప్పే బెల్టు తెగింది. అప్పటికే లేచిన దుమ్ము గదంతా తేలుతోంది. ఊళ్లో అడిగిన షాపులన్నీ ఆ బెల్టు లేదన్నాయి. మెట్ల మీద కూర్చుని ఏడ్చేశాను.

"ఏందిది? గిట్ల కూసున్నవేంది?" కింది నుంచి ఓనరమ్మ అరుపు.

చెప్పాను. ఆమె ఓదార్చలేదు. "ఏడ్సుడు తర్వాత. ముందు పని సూడు" అన్నది. అది ఆమె ఎప్పుడూ అనే మాటే. మిషన్ అడుగునున్న నంబరును ఫోటో తీయించి, కోదాడలో ఉన్న తమ్ముడికి నా ఫోన్ నుంచే పంపించింది. చాలాసేపటికి ఆయన ఫోన్ చేశాడు.

"అక్కా, దొరికిందే. బస్సు డ్రైవరుకిచ్చి పంపిస్తున్నా. బస్టాండుకి వెళ్లి తీసుకో."

ఆమె చెప్పులేసుకుని బయల్దేరింది. నేను పోతానంటే, "నువ్వు పోతే ఈ కిటికీలెవరు తుడుస్తరు?" అన్నది. అంతలో మా ఆయన ఫోన్: డిశ్చార్జ్ అయిందట, కారులో బయల్దేరారట. ఒక దిక్కు నుంచి బెల్టు, ఇంకో దిక్కు నుంచి పాప. గేటు చప్పుడైనప్పుడల్లా ఏది ముందొచ్చిందోనని ఉలిక్కిపడ్డాను.

బెల్టే ముందొచ్చింది.

"ప్లగ్గు పీకినవా?" అని అడిగి మరీ ఆమె కూర్చుంది. స్క్రూలు విప్పి, బ్రష్‌కు చుట్టుకున్న వెంట్రుకలు, దారాలు కత్తెరతో కోసేశాం. కొత్త బెల్టును మోటారు కడ్డీకి తగిలించి బ్రష్ మీదికి లాగితే, నా చేతుల్లోంచి జారి వేళ్ల మీద చురుక్కుమని తగిలింది. మళ్లీ లాగి, మూత బిగించి, స్విచ్చేశాం. మిషన్ ఊళపెట్టింది. మళ్లీ అదే కాలిన వాసన. నేను ప్లగ్గు పీకేశాను. మళ్లీ తెగిందనుకున్నాను.

ఫోన్ మోగింది. మా ఆయన: "ఊళ్లోకి వచ్చేసినం."

నేను స్క్రూడ్రైవర్ అందుకున్నాను. ఆమె దాన్ని లాక్కుని మూత విప్పింది. బెల్టు తెగలేదు, మెలిక పడింది. మెలిక తీసి, పళ్లు బిగపట్టి లాగి, బ్రష్ గాడిలో కూర్చోబెట్టి, చేత్తో తిప్పి చూసింది. ఈసారి స్విచ్చేస్తే బ్రష్ సాఫీగా తిరిగింది. నేను మిషన్ అందుకోబోతే చెయ్యి నెట్టేసింది.

"నువ్వు పోయి తానం చేసి ఉతికిన చీర కట్టుకో. పిల్లనెత్తుకునేది నువ్వు. నీ ఒంటి మీద దుమ్ముంటే ఎట్ల?"

స్నానం చేస్తున్నంత సేపూ మిషన్ మోత వినిపిస్తూనే ఉంది. మధ్యలో గేటు దగ్గర కారు ఆగింది. వెంటనే కిటికీలోంచి ఆమె అరుపు: "దిగొద్దు! నేను సెప్పేదాంక కార్లనే కూసోండ్రి!" మా ఆయన అద్దాలు ఎక్కించుకుని అలాగే కూర్చున్నాడట.

చివరికి ఆమె పిలిస్తే దిగారు. పాపను ఎత్తుకుని లోపలికి నడిచాను. ఉతికిన పరుపు కవరు మీద పడుకోబెట్టి, దాని ఛాతీకి చెవి ఆనించి విన్నాను. పిల్లికూతలు లేవు. ఊపిరి మామూలుగా ఆడుతోంది.

అప్పుడు ఓనరమ్మ కోసం చూశాను. ఇంట్లో లేదు. కిటికీలోంచి చూస్తే వాకిట్లో ఆ చివరన, నల్లా దగ్గర నిలబడి ఉంది. జుట్టు, కనుబొమ్మలు, చీర, అన్నీ బూడిద రంగు. "లోపలికి రండి ఆంటీ" అని పిలిచాను. చేయి అడ్డంగా ఊపింది. పాప లేచొచ్చి కిటికీ ఊచలు పట్టుకుని నిలబడింది. ఆమె ఇంకో అడుగు వెనక్కి వేసి, కొంగు మూతికి అడ్డం పెట్టుకుని, ఏమీ అరవకుండా, పాపనే చూస్తూ నిలబడింది.