మెంతుల వాసన కొట్టిన మెదడు

ఆ రోజుల్లో బెంగళూరులో మగవాడి గౌరవం తల లోపల ఏముందో దాన్ని బట్టి కాక, తల మీద ఏముందో దాన్ని బట్టి నడిచేది. కచేరీకి పోవాలన్నా, కాలేజీలో పాఠం చెప్పాలన్నా జరీ అంచు పేటా, అదే తలపాగా, ఉండి తీరాలి. పొద్దున్నే అద్దం ముందు నిలబడి మూరల కొద్దీ గుడ్డ తలకు చుట్టుకునే ఓపిక అందరికీ ఎక్కడిది? అందుకని చిక్కపేటలో మా నాయన లాంటివాళ్ళు కొయ్యదిమ్మ మీద పేటాను ముందే చుట్టి, లోపల కుట్లు వేసి ఇచ్చేవాళ్ళు. పెద్దమనుషులు దాన్ని టోపీలాగా తగిలించుకుని, తామే చుట్టుకున్నంత ఠీవిగా వీధిలో నడిచేవాళ్ళు. వాడుకగా వచ్చేవాళ్ళ తల కొలతకు సరిపోయే దిమ్మలు మా దుకాణం గోడ పొడుగునా వరసగా ఉండేవి. ఏ దిమ్మ ఎవరిదో నాకు అక్షరాలు రాకముందే తెలుసు. (తోటి ఆడపిల్లలు లక్కపిడతలతో ఆడుకుంటే నేను పెద్దమనుషుల తలకాయలతో ఆడుకున్నాను. నా నోటి దురుసుకు అదే మూలమని మా అవ్వ నమ్మకం.) ఈ వ్యాపారంలో మా నాయనకు ఒక్కటే నీతి. "తల కొలత బయట చెప్పగూడదు పాపా. చిన్న తలకాయ ఉండేవానికి లోపల రొంత దూది ఎక్కువ పెట్టల్ల, మనం నోరు మూసుకోనుండల్ల," అనేవాడు. దూది పెట్టడం నేను నేర్చుకున్నాను. రెండోది నాకు పట్టుబడలేదు.

రెండో ప్రపంచయుద్ధం జరుగుతున్న ఏళ్ళవి. నేను జంతుశాస్త్రం చదివిన తరగతిలో బెంచీల నిండా మగపిల్లలు, చివర గోడకు ఆనుకుని వేసిన కుర్చీలో నేను. మా ఆచార్యుణ్ణి అందరూ మెదడు మేష్ట్రు అనేవాళ్ళు. తరగతిలో ఇంగ్లీషు, వరండాలో తెలుగు మాట్లాడే కోలారు మనిషి. ఆయన గదిలో అద్దాల బీరువాలో రెండు ప్లాస్టరు మెదళ్ళుండేవి, యుద్ధానికి ముందు ఓడలో సీమనుంచి వచ్చినవి. ఒకటి మనిషిది, రెండోది చింపాంజీది. చింపాంజీ మెదడు మనిషి దాంట్లో ఇంచుమించు మూడో వంతు. పక్కపక్కన పెడితే కొబ్బరికాయ పక్కన బత్తాయిపండు. కాని మేష్ట్రు బెత్తం కొనతో చూపిస్తూ పోతుంటే ఒళ్ళు జలదరించేది. చూపు పనిచేసే చోటు రెండింటిలోనూ వెనకే. వినికిడి రెండింటిలోనూ పక్కనే. చెయ్యి కదిలించే మడత ఇక్కడుంటే అక్కడా ఉంది. నుదుటి వెనక భాగం మాత్రం మనిషిలో ఉబ్బి ముందుకొచ్చింది. అక్కడే ఆలోచన, అక్కడే ముందుచూపు, అక్కడే (ఇది నా చేర్పు) గర్వం. ఇంతదాకా ఆయన పాఠం బంగారం. నిజం చెప్పొద్దూ, అంత బాగా చెప్పేవాణ్ణి నేను మళ్ళీ చూడలేదు. అక్కడ ఆపి ఉంటే ఈ ముక్క రాసే పని నాకు ఉండేది కాదు.

ఆయన ఆపేవాడు కాడు. బెత్తం చంకలో పెట్టుకుని, "ఆడవాళ్ళ మెదడు మగవాళ్ళ మెదడుకన్నా తేలిక. కనుక ఈ రెండింటి మధ్య ఖాళీ జాగా ఎవరిదో మీరే ఊహించుకోండి," అనేవాడు. అందరి తలలూ ఒక్కసారి నా కుర్చీవైపు తిరిగేవి. రోజూ చిత్రాన్నమే డబ్బాలో తెచ్చుకుంటాడని మేము చిత్రాన్నం అని పిలిచే కుర్రాడు అందరికన్నా గట్టిగా నవ్వేవాడు. ఒకరోజు లేచి అడిగాను. "ఏనుగు మెదడు మనకన్నా పెద్దది కద సార్. మరి పాఠం దానితో ఎందుకు చెప్పించరు?" మేష్ట్రు చిరునవ్వు నవ్వి, ఒంటి బరువును బట్టి లెక్క వేయాలన్నాడు. "అయితే ఆడవాళ్ళ ఒళ్ళూ చిన్నదే కద సార్?" అన్నాను. "వాదన వేరు, శాస్త్రం వేరు. కూర్చో," అన్నాడు. కూర్చున్నాను. కూర్చోక?

కూర్చోడానికి కారణముంది. ఆ ఏడాది మా చదువు అయిపోగానే ప్రయోగశాలలో పిల్లలకు చేసి చూపించే డెమాన్‌స్ట్రేటరు ఉద్యోగం ఒకటి ఖాళీ కాబోతోంది. మార్కుల్లో నేనే ముందున్నాను. ఆ ఉద్యోగంలో చేరినవాళ్ళకు ఒక బల్ల, ఆ బల్లమీద ఒక మైక్రోస్కోపు. తరగతిలో మగపిల్లలందరూ చూసి, కన్ను నులుముకుని, ఆవులించి లేచాక నా వంతు వచ్చేది. నేను కన్ను ఆనించేసరికి గంట కొట్టేవాళ్ళు. ఒక మైక్రోస్కోపు ముందు ఎవరూ లేపకుండా కూర్చోవాలి. ఆ వయసులో నాకున్న కోరిక అదొక్కటే. (నగలు అడిగి ఉంటే మా నాయన ఎలాగో కొనిచ్చేవాడు.) ఆ ఉద్యోగం మేష్ట్రు చేతిలో ఉంది.

ఆ మేష్ట్రు ఒకనాడు వరండాలో నన్ను ఆపి తెలుగులోకి దిగాడు. "నువ్వు దసరాకు బొమ్మలు బాగా చేస్తావంట గదమ్మా. మన ఎగ్జిబిషన్‌కు మూడో మెదడు కావల్ల. ఆడమనిషిది. మగవాని దాంట్లో పదో వంతు తగ్గించి చెయ్యి. నీ డెమాన్‌స్ట్రేటరు పని సంగతి నేను చూసుకుంటాను." నా మెదడు చిన్నదని నా చేతులతోనే చేసి చూపిస్తే, నా మెదడుకు తగిన ఉద్యోగం నాకిస్తాడన్నమాట. ఇందులో ఉన్న తర్కం ఆయనకు కనబడలేదు. నాకు కనబడింది, అయినా తల ఊపాను.

ప్లాస్టరంతా యుద్ధపు ఆస్పత్రులకు పోతోంది, బజారులో దొరకదు. అందుకని పాత కాగితాలు నానబెట్టి, మెంతులు కలిపి రుబ్బాను, మా ఇళ్ళలో కాగితం గుజ్జుతో తట్టలు చేసుకునే పద్ధతిలో. అవ్వ రోటి దగ్గరికొచ్చి గుండెలు బాదుకుంది.

"మెంతులు అంగట్లో దొరక్క నేను చస్తా ఉంటే, యా గాడిదకొడుకు తలకాయకే ఇది?"

"ఆడదాని తలకాయ అవ్వా."

"అట్లయితే ఇంగో పిడికెడు ఎయ్యి. వాసనన్నా బాగుంటాది పాపం."

గుజ్జు సిద్ధమయ్యాక ఆకారానికి ఏదో ఒక కొలత కావలసి వచ్చి దుకాణానికి పోయాను. నాయన భోజనానికి పోయి ఉన్నాడు. గోడ మీద వరసగా దిమ్మలు. వాటిలో, నాయన దూది దండిగా కూరే పేటాల దిమ్మల్లో మొదటిది, మా మెదడు మేష్ట్రుది. దాన్ని దించి, చుట్టుకొలత తీసి, చర్మమూ ఎముకా పోగా మిగిలినంతలో మెదడు కట్టాను. (తల చుట్టుకొలతతో మెదడు తూకం తేల్చడం శాస్త్రం కాదని నాకు అప్పుడూ తెలుసు, ఇప్పుడూ తెలుసు. ఆ రకం శాస్త్రం మొదలుపెట్టింది మాత్రం నేను కాదు.) ఆరాక గులాబీరంగు పూసి, ప్లాస్టరు మగమెదడు పక్కన పెడితే, పదో వంతు తగ్గడం కాదు, ఇంకాస్త చిన్నదే వచ్చింది. మేష్ట్రు అరచేతిలో పెట్టుకుని మురిసిపోయాడు. "భేష్! నేను చెప్పినదానికన్నా చిన్నదే చేసినావు. నిజాయితీ అంటే ఇదమ్మా," అన్నాడు. నేను కిక్కురుమనలేదు. ఒట్టు, ఎప్పటికీ అనకూడదనే అనుకున్నాను. ఆ నవ్వు నాలోనే దాచుకుని, ఉద్యోగంలో చేరి, మైక్రోస్కోపు ముందు కూర్చుని అప్పుడప్పుడు తీసి చూసుకుందామనుకున్నాను.

ఎగ్జిబిషన్‌కు పదవి దిగిన ఒక జడ్జీగారు భార్యతో వచ్చారు. గది నిండా పేటాలే. మేష్ట్రు మూడు మెదళ్ళనూ వరసగా పెట్టి, నడిమిదాన్ని ఎత్తి పట్టుకున్నాడు. "దీనితో వంట అవుతుంది, పిల్లల పెంపకం అవుతుంది, నాలుగు కీర్తనలూ వస్తాయి. గణితం, తర్కం, న్యాయశాస్త్రం మాత్రం ఈ పరిమాణానికి అందవు," అన్నాడు. జడ్జీగారు తల పంకించారు. ఆయన భార్య ముందుకు వంగి, వాసన చూసి (మెంతులు!), నావైపు తిరిగి మెల్లగా అడిగింది.

"నువ్వేనంట గదమ్మా చేసింది. ఎవురి కొలత తీసినావు?"

పుస్తకంలోదమ్మా అంటే చాలు. ఒక్క మాట. ఆ మాట నోటిదాకా వచ్చింది కూడా. అప్పుడు మేష్ట్రు నా తరఫున, "ఆ పిల్లకేం తెలుసు లెండి, నేను చెప్పినట్టు చేసింది," అన్నాడు.

"మా సార్ కొలతేనమ్మా," అన్నాను. "ఆయన పేటా దిమ్మ మా నాయన అంగట్లో ఉండాది. దూది లేకుండా కొలిచినాను."

గదిలో చూపులన్నీ మేష్ట్రు పేటా మీదికి ఎక్కాయి. ఆయన చెయ్యి దానంతట అదే తలమీదికి పోయింది. ఆయన్ను చూసి జడ్జీగారి చెయ్యి తన తలమీదికి పోయింది. వాళ్ళిద్దర్నీ చూసి గదిలో పేటా పెట్టుకున్న ప్రతివాడూ తన తలను తాను తడుముకున్నాడు. నవ్వింది ఇద్దరే. జడ్జీగారి భార్య కొంగు అడ్డం పెట్టుకుని నవ్వింది. చిత్రాన్నం యథాప్రకారం గట్టిగా నవ్వాడు.

మర్నాడు మేష్ట్రు పిలిపించాడు. కోపం లేదు. కోపముంటే బాగుండేది. "నీకు తెలివి ఉండాదమ్మా, కాదనను. డెమాన్‌స్ట్రేటరుకు కావలసింది తెలివి కాదు, వినయం. చెప్పింది చెయ్యడం," అన్నాడు.

"చెప్పింది చింపాంజీ కూడా చేస్తుంది సార్. దాన్నే పెట్టుకోండి," అని బయటికొచ్చాను. వరండా చివరిదాకా తల ఎత్తుకునే నడిచాను. ఆ తర్వాతి నడక గురించి రాయను.

సంగతి నాయనకు తెలిసింది. రెండు రోజులు కూర్చుని అసలు జరీతో కొత్త పేటా చుట్టి, తమలపాకులు పెట్టుకుని మేష్ట్రు ఇంటికి పోయివచ్చాడు. తిరిగొచ్చి చెప్పులు విడుస్తుంటే ఎదురుపోయి అడిగాను.

"ఏమన్నాడు నాయనా?"

"తీసుకున్నాడు."

"తీసుకోని?"

"రొంత వదులుగా ఉండాదంట."

ఉద్యోగం చిత్రాన్నానికి వచ్చింది. చేరిన మొదటి శనివారం మధ్యాహ్నం మా ఇంటి ముందర సైకిల్ దిగాడు, చేతిలో బరువుగా గుడ్డసంచి. మూడేళ్ళు నన్ను పేరుతో కూడా పిలవనివాడు గుమ్మంలో నిలబడి, "అక్కా," అన్నాడు. "కప్ప మెదడు చెదరకుండా తియ్యడం నాకు రాదక్కా. సోమవారం పిల్లోళ్ళ ముందర మానం పోతాది. స్లయిడ్లు చూస్తే ఏది ఏమో తెలియదు. రొంత నేర్పిస్తివంటే..."

"మీ మేష్ట్రును అడుగు."

"అడిగితిని. నువ్వే చూసుకోప్పా అనేసినాడు."

వాణ్ణి గుమ్మంలోంచే పంపడానికి నా దగ్గర మాటలు సిద్ధంగా ఉన్నాయి, మంచి పదునైనవి. అంతలో వాడు సంచిలోంచి తువ్వాలు చుట్టిన వస్తువు తీసి గడప పక్కన పెట్టాడు. తువ్వాలు విప్పాడు. మైక్రోస్కోపు ఇత్తడి గొట్టం ఎండకు మెరిసింది.

నేను పక్కకు జరిగి లోపలికి రానిచ్చాను.

ఆ ఏడాదంతా శనివారాలు అలా గడిచాయి. జీతం వాడిది, పాఠం నాది. నేను చెప్పింది వాడు సోమవారం చెప్పి మంచిపేరు తెచ్చుకున్నాడు, ఏడాది తిరగ్గానే పెద్ద ఉద్యోగమై మైసూరు పోయాడు, దాంతో మా ఇంటికి మైక్రోస్కోపు రావడమూ ఆగిపోయింది. నేను ఆడపిల్లల హైస్కూల్లో చేరి ఈనాటిదాకా సుద్దముక్కతో బోర్డుమీద మెదడు గీస్తున్నాను. వాడు తెచ్చిన పాత స్లయిడ్ల పెట్టెలో మనిషి మెదడు పొర ఒకటి, చింపాంజీ మెదడు పొర ఒకటి ఉండేవి. మార్చి మార్చి చూసేదాన్ని. వేళ్ళు చాచిన చిన్న చిన్న కణాలు, ఒకదాని చెయ్యి ఒకటి అందుకోబోతున్నట్టు. ఏది ఎవరిదో కన్నుతో చెప్పడం నావల్ల కాలేదు. ఆడదా, మగదా అని అడిగేవాళ్ళూ అక్కడ లేరు.

నా నోటి సంగతి చెప్పేవాళ్ళు ఇప్పుడు ఊరంతా ఉన్నారు. స్కూల్లో ఉన్నారు, చుట్టాల్లో ఉన్నారు, మా ఆయన చెప్పడం మొదలుపెడితే ఆపడు. వాళ్ళెవరూ ఆ పిల్లను చూడలేదు. ఒక కన్ను మూసుకుని, దానితోపాటు నోరూ మూసుకుని, పొద్దు వాలేదాకా పడసాలలో వంగి కూర్చున్న పిల్లను. చూసింది అవ్వ ఒక్కతే. మొదటి శనివారం రెండుసార్లు వచ్చి తొంగి చూసి, మూడోసారి దగ్గరికొచ్చి నా నుదుటి మీద చెయ్యి పెట్టింది.

"ఏమే, మాటా పలుకూ లేదు. జొరమేమన్నా వచ్చిందా?"