పెత్రమాస దాకా దాచిన తీర్పు

ఆ కవరు వచ్చేనాటికి వానలు ముదిరాయి. పోస్టుమన్ చూపించిన చోట వంకరటింకరగా నా పేరు గీశాను. నాకొచ్చిన రాత అంతే. లోపల మందంగా కాయితాలు, అంతా గుజరాతీ, చివర గుండ్రటి ముద్ర. అంతకుముందు కోర్టు నుంచి ఎప్పుడూ ఒంటి కాయితమే వచ్చేది. ఇన్ని వచ్చాయంటే గెలిచామనే అనుకున్నాను.

మరమగ్గాల్ని మేం సాంచాలంటాం. మా ఆయన సూరత్‌లో పన్నెండేళ్లు ఒకే కార్ఖానాలో సాంచాలు నడిపి, వాటి మీదే కరెంటు కొట్టి పోయాడు. పోయాక కార్ఖానా యజమాని సేఠ్, ఆ మనిషి మా దగ్గర పనే చేయలేదన్నాడు. రిజిస్టరులో పేరు లేదు. మా వాళ్లలో ఎవరి పేరుంటుంది గనక? నష్టపరిహారమని కేసు వేశాం. కానీ నాకు కావలసింది ఒక్క మాట. ఈ మనిషి ఇక్కడ పనిచేస్తూ చచ్చాడని కోర్టు రాయాలి.

పోయినవాళ్ల పేరు మీద ఏదొచ్చినా, పెద్దలకు బియ్యమిచ్చే పెత్రమాస నాడు ముందు వాళ్ల ఫోటో దగ్గర పెట్టాలి. ఆ తర్వాతే మనం ముట్టాలి. మా అత్త అలాగే చేసేది. నేనూ కవరును ట్రంకుపెట్టెలో చీరల కింద పెట్టాను. ఎవరికీ చెప్పలేదు. ముందు ఆయన చూడాలి. మూడు నెలలు ఆ పెట్టెను చూసి లోలోపల సంబరపడ్డాను.

పెత్రమాసకు ఊరి చివరున్న డిండోలి నుంచి మా ఆడబిడ్డ వచ్చింది. ఆమె సూరత్‌లోనే పుట్టింది, గుజరాతీ బడిలో చదివింది. ఫోటో ముందు అన్నం, కూర, పక్కన కాయితాలు పెట్టాను. ఆమె తీసి చదివింది.

"వదినా, గిదేంది? గిది ఓడిపోయిన కాయిదం. అన్న ఆడ పనే చెయ్యలేదని రాసిండ్రు."

"మంచిగ చూడు పిల్లా, ముద్ర ఉన్నది."

"ముద్ర ఉంటే గెల్సినట్టా? ఎప్పుడొచ్చింది నీకు?"

చెప్పాను.

"నీ నోరు పడిపోయిందా? నాకొక్క ఫోన్ చేస్తే ఏం పోయేది?" అంటూ కూలబడింది.

కేసు వేసిన వకీలు ఫోను ఎత్తడం ఎప్పుడో మానేశాడు. కొత్త వకీలును పట్టుకున్నాం. అప్పీలుకు అరవై రోజులే గడువట. ఆలస్యానికి సరైన కారణం చూపిస్తేనే కోర్టు మన్నిస్తుందట. నేను ఉన్నదున్నట్టు చెప్పాను. ఆయన పెన్ను కింద పెట్టి నవ్వాడు. ఆయన హిందీని ఆడబిడ్డ తెలుగులో చెప్పింది.

"ఫోటోకు చూపెట్టనీకి ఆగినమంటే జడ్జి సాబ్ బయటికి నూకుతడంట. నీకు కామెర్లు అయినయని రాస్తడంట. డాక్టర్ చిట్టీ తెమ్మంటుండు."

"నాకు కామెర్లు కాలే గద?"

"నీకు తెలివి గూడ లేదు. సంతకం పెట్టు."

పెట్టాను.

అహ్మదాబాదులో పెద్ద కోర్టుకు పోయాం. సేఠ్ వకీలు లేచి కొన్ని కాయితాలు జడ్జికి ఇచ్చాడు. నేను చీరలు మడతపెట్టే కార్ఖానా ఆ సేఠ్ బావమరిదిది. అక్కడ హాజరుకు పొద్దున్నే వేలు పెట్టే మిషనుంది, ఆ కాయితాలు దాని లెక్కలే. కామెర్లతో మంచంలో ఉన్నానని రాసిన రోజులన్నింటా అందులో నా వేలుంది. ఒక్క నాగా లేదు.

జడ్జి నా వైపు చూసి ఏదో అడిగాడు. లేచాను. "సాబ్, పెత్రమాస దాకా..." అన్నాను. నోటికి తెలుగే వచ్చింది. మా వకీలు అడ్డం పడి ఏదో అన్నాడు. జడ్జి తల దించుకుని రాసుకున్నాడు.

బయట వరండాలో ఆడబిడ్డను అడిగాను.

"ఏమన్నడు మన వకీలు?"

"మొగుడు యాదికొచ్చి ఏడుస్తుందన్నడు."

అబద్ధం చెప్పినవాళ్లను మన్నించలేనని జడ్జి అన్నాడట. చదువు రాక, తెలియక ఆగానని నిజం రాసి ఉంటే ఆలోచించేవాడినని కూడా అన్నాడట. ఆ మాట నాకు చెప్పకపోయినా బాగుండేది.

"మరి మీ అన్న సంగతి?"

"దాని దాకా పోలే వదినా. ఆలస్యం కాడనే ఆగిపోయింది."

"పని చెయ్యలేదన్న మాట?"

"గది అట్లనే ఉంటది. ఇగ ఎప్పటికీ."

వకీలు మెట్ల మీద నుంచి పిలిచి, కాయితాలు తీసుకుపొమ్మన్నాడు. ఆడబిడ్డ వెళ్లింది. నేను వెళ్లలేదు.